సాలెపురుగు నోటి ముచ్చట

వానాకాలం వరి పొట్టకొచ్చే రోజుల్లో జగిత్యాల చుట్టుపక్కల ఊళ్లలో ఒక ఫిర్యాదు తరచూ వినిపిస్తుంది. రాత్రి పడుకునేటప్పుడు ఏమీ లేదు, తెల్లారి చూసుకుంటే మెడ మీద ఎర్రటి చార. మరునాటికి దాని మీద సన్నటి పొక్కులు, భగభగ మంట. ఇంట్లో పెద్దమ్మో నాయనమ్మో ఒక్క చూపు చూసి తేల్చేస్తుంది: "సాలెపురుగు పాకింది బిడ్డా, పసుపు పెట్టు."

మీ ఇంట్లోనూ ఈ మాట వినే ఉంటారు. ఇవాళ కాసేపు ఆ సాలెపురుగు తరఫున మాట్లాడాలని ఉంది. చలిమంట దగ్గర కూచున్నాం, తొందరేమీ లేదు. దాని నోరు ఎట్లా ఉంటుందో చూద్దాం. దాని చుట్టాలైన తేలు, పిడుదు, పైరునల్లి నోళ్లు కూడా చూద్దాం. ఎవరి నోటితో మనకు చేటు ఉందో అప్పుడు తెలుస్తుంది.

ముందు ఆ పొక్కుల సంగతి. వాటికి చాలాసార్లు కారణం ఒక చిన్న పురుగు. పొడవు సుమారు అంగుళంలో మూడో వంతు. సన్నటి ఒళ్లు, నల్లటి తల, నారింజ రంగు మెడ, నడుం మీద నీలినలుపు పొట్టి రెక్కలు, వెనక మళ్లీ నారింజ రంగు, తోక కొస నలుపు. శాస్త్రవేత్తలు పెడెరస్ అంటారు. పొలంలో ఉండేది రాత్రి ట్యూబులైటు వెలుగుకు ఇంట్లోకి వస్తుంది. ఇది కుట్టదు, కరవదు. మెడ మీద పాకితే నిద్రలో మనమే చేత్తో నలిపేస్తాం. నలిగినప్పుడు దాని ఒంట్లోంచి పెడెరిన్ అనే విషం చర్మానికి అంటుకుంటుంది. చెయ్యి ఎటు రుద్దితే అటు చార. మంట వెంటనే రాదు, సగం రోజో రోజో గడిచాక వస్తుంది. అప్పటికి ఆ పురుగు జాడ ఉండదు, మూలన గూట్లో సాలెపురుగు మాత్రం కనిపిస్తుంది. నేరం దాని మీద పడుతుంది. డాక్టర్లు కూడా ఈ జబ్బును ఇంగ్లిషులో 'స్పైడర్ లిక్' అని పిలవడం ఉంది, అంటే సాలెపురుగు నాకిందని. దానికి నాకే నాలుకే లేదు! ఒంటి మీద అలాంటి పురుగు కనిపిస్తే నలపకుండా ఊది పారేసి, ఆ చోట సబ్బుతో కడుక్కుంటే చాలు.

సరే, నాలుక లేదు. మరి ఏముంది?

చీమకూ మిడతకూ ఉన్నట్టు అడ్డంగా నమిలే దవడలు సాలెపురుగుకు లేవు. ఎనిమిది కళ్ల కింద, ముఖానికి ముందు, రెండు బలమైన మొద్దులు వేలాడుతుంటాయి. వాటిని కెలిసెరాలు అంటారు, మనం దవడలనే అందాం. ఒక్కో దవడ చివర ఒక వంకర కోర. పని లేనప్పుడు ఆ కోర మడుచుకుని దవడ అంచున ఉన్న గాడిలో పడి ఉంటుంది. ఆ గాడికి రెండు పక్కలా చాలా జాతుల్లో పళ్లలాంటి మొనలుంటాయి. కోర లోపల సన్నటి గొట్టం, అది విషగ్రంథి నుంచి వస్తుంది. దాని రంధ్రం కోర కొసన కాదు, కొసకు కాస్త వెనకగా పక్కన ఉంటుంది. కొసనే ఉంటే గుచ్చినప్పుడల్లా చితికి మూసుకుపోయేది. దవాఖానలో వాడే సూదికి కొసను ఏటవాలుగా కోస్తారు చూడండి, అక్కడా అదే అవసరం. జర్మనీలో పాట్స్‌డామ్‌లోని మాక్స్ ప్లాంక్ సంస్థ శాస్త్రవేత్తలు మధ్య అమెరికా సాలెపురుగు ఒకదాని కోరను పొర పొరగా పరీక్షించి 2012లో వివరాలు ప్రచురించారు. కోర కొస దగ్గర జింకు ఉంది. ఇనుము లేదు, ఎముక లేదు, పురుగు పెంకులో ఉండే కైటిన్, ప్రోటీనే. వాటికి జింకు కలిసి మొన గట్టిపడుతుంది. తేలు కొండి మొనలోనూ జింకు ఉంటుంది.

కోరలు కదిలే తీరును బట్టి సాలెపురుగుల్లో రెండు పెద్ద వర్గాలు. మన ఇళ్లలో, పొలాల్లో కనిపించేవి దాదాపు అన్నీ ఒక వర్గం, వాటి కోరలు పక్కల నుంచి ఎదురెదురుగా మూసుకుంటాయి. రెండో వర్గం ఒళ్లంతా నూగున్న పెద్ద టరాంటులాలు. వాటి కోరలు రెండూ పక్కపక్కనే నిలబడి పైనుంచి కిందికి దిగుతాయి. అందుకే అవి ముందు కాళ్లెత్తి, తల పైకి లేపి, అప్పుడు వేటు వేస్తాయి. ఈ వర్గంలో ప్రపంచమంతా పేరున్న ఒకటి మన తెలుగు నేలదే. 1899లో పొకాక్ అనే బ్రిటిష్ జంతుశాస్త్రవేత్త అనంతపురం జిల్లా గుత్తిలో దొరికిన ఒక నీలి సాలెపురుగును వర్ణించాడు. మెరిసే ముదురు నీలం, కాళ్ల మీద పసుపు మచ్చలు. దాని అసలు అడవి గుత్తి కాదని, నంద్యాల-గిద్దలూరు మధ్య నల్లమల అంచులని తర్వాత నూరేళ్లకు తేలింది. 2008లో దాన్ని అంతరించే ప్రమాదం మరీ ఎక్కువగా ఉన్న జీవుల జాబితాలో చేర్చారు. ఇంత అందమైన ప్రాణి మన చెట్టు తొర్రల్లో బతుకుతోందని మన బడి పుస్తకాల్లో ఒక బొమ్మైనా ఉంటే బాగుండేది.

కోర దిగింది, విషం ఎక్కింది, దోమ కదలడం మానేసింది. ఇక తినడం. సాలెపురుగు గట్టి ముద్ద ఏదీ మింగలేదు. నోటి దారి అంత ఇరుకు. అందుకని తన పొట్టలో ఉండే జీర్ణరసాన్ని వేట మీద కక్కుతుంది. మాంసం కరిగి ద్రవమవుతుంది. తల వెనక పంపులా పనిచేసే పొట్ట ఒకటుంది, దానితో ఆ ద్రవాన్ని లోపలికి గుంజుకుంటుంది. నోటి చుట్టూ ఉన్న వెంట్రుకలే జల్లెడ. పూలలో దాగి కూచునే పీతసాలీళ్ల దవడలకు పళ్లుండవు. అవి చిన్న కన్నం పెట్టి రసం పీలుస్తాయి. ఈగ చనిపోయినా పైకి చెక్కుచెదరకుండా కనిపిస్తుంది, ముట్టుకుంటే ఉత్త డొల్ల. గోడల మీద తిరిగి బొద్దింకల్ని పట్టే పెద్ద సాలెపురుగుకు పళ్లున్నాయి. అది వేటను దవడల మధ్య పిసికి పిసికి చివరికి ఒక నల్లటి ఉండ వదిలేస్తుంది. పొద్దున ఊడ్చేటప్పుడు బొద్దింక రెక్కలతో పాటు అలాంటి ఉండ దొరికితే, రాత్రి ఎవరు పనిచేశారో మీకు తెలిసినట్టే.

ఇప్పుడు పొలంలోకి పోదాం, నాకు అన్నిటికన్నా ముఖ్యమైన చోటు అదే. జగిత్యాల అంటే వరి. పక్కనే పొలాసలో వ్యవసాయ పరిశోధన స్థానం, అక్కణ్నుంచి వచ్చిన జగిత్యాల సన్నాలు (జె.జి.ఎల్. 1798) పేరు రైతులందరికీ తెలుసు. ఆ రకం ఉల్లికోడును తట్టుకుంటుంది. సుడిదోమ విషయంలో మాత్రం విత్తనం ఎంత మంచిదైనా పొలంలో తిరిగే కోరలు కూడా కావాలి. దుబ్బును పక్కకు వంచి నీళ్ల మట్టం దగ్గర చూడండి. గోధుమ రంగు సుడిదోమలు మొదళ్లకు అతుక్కుని రసం పీలుస్తుంటాయి. అక్కడే నీళ్ల మీద తడవకుండా పరుగెత్తే ఒక సాలెపురుగు ఉంటుంది, వీపు మీద పంగలకర్రలా చీలిన గుర్తుతో. దాన్ని తోడేలు సాలీడు అంటారు. గూడు అల్లదు, వెంటపడి పడుతుంది. రోజుకు 5 నుంచి 15 దాకా పురుగుల్ని తింటుందని ఫిలిప్పీన్స్‌లోని అంతర్జాతీయ వరి పరిశోధన సంస్థ వాళ్ల లెక్క. నాట్లు వేసిన కొద్ది రోజులకే పొలంలో చేరుతుంది కాబట్టి దోమ పెరగకముందే కాపలా మొదలవుతుంది.

దుబ్బు పైభాగంలో ఇంకొకటి ఉంటుంది, దాన్ని చూడాలంటే కాస్త ఓపిక కావాలి. వరి ఆకు వెంబడి నాలుగు కాళ్లు ముందుకు, మిగతావి వెనక్కు చాపి, ఆకులో ఈనెలా కలిసిపోయి పడుకుంటుంది. టెట్రాగ్నాతా అని దాని పేరు. దవడలు దాని తలకన్నా పొడుగు, ముందుకు పొడుచుకొచ్చి, లోపలి అంచుల నిండా మొనలు. పొద్దు వాలాక ఆకుల మధ్య గుండ్రటి గూడు అల్లి, ఎగిరే దోమల్నీ పచ్చదోమల్నీ పడుతుంది. అంత భయంకరమైన దవడల అసలు పని ఒకటి జత కట్టేటప్పుడు బయటపడుతుంది. మగదీ ఆడదీ ఎదురుపడి దవడలు పూర్తిగా తెరుస్తాయి. మగదాని దవడ మీద ఒక కొక్కెం ఉంటుంది, అది ఆడదాని కోరను పట్టి ఆపుతుంది. ఒకదాని కోరలు ఒకదానికి గొళ్లెం పడ్డాక అవి జతకూడతాయి. కొరికే నోరు కొరకలేని విధంగా అట్లా పట్టి ఉంచుకుంటేనే ఆ జాతి కొనసాగుతుంది. తెల్లవారుజామున మంచు ఆరకముందు గట్టు మీద కూచుని చూస్తే ఈ దవడలు మామూలు కంటికే కనిపిస్తాయి.

దోమ కనిపించగానే మందు కొట్టే అలవాటు గురించి నా బాధ ఇక్కడే. మందు పడ్డాక పెద్ద దోమలు చస్తాయి, సాలెపురుగులూ చస్తాయి. కానీ సుడిదోమ గుడ్లు ఆకు తొడుగు కండలో గుచ్చి పెట్టి ఉంటాయి, మందు వాటిని తాకదు. వారం పది రోజులకు పిల్లదోమలు బయటికి వస్తాయి, అప్పుడు తినే నోరు పొలంలో లేదు. సింథటిక్ పైరిత్రాయిడ్ మందులు కొట్టిన పొలాల్లో దోమ మళ్లీ మరింత ఉధృతంగా లేవడం ఇందుకే. ఇండోనేషియాలో 1970ల్లో, 80ల్లో ఇదే జరిగి వరి తగలబడ్డట్టు ఎండిపోతే, 1986లో అక్కడి ప్రభుత్వం వరి మీద 57 రకాల పురుగుమందుల వాడకాన్ని నిషేధించింది. మన దగ్గర శాస్త్రవేత్తలు చెప్పే కాలిబాటల పద్ధతి (ప్రతి 2 మీటర్లకు 20 సెంటీమీటర్ల బాట) గాలీ వెలుతురూ మొదళ్ల దాకా పోవడానికి. దాంతో పాటు దుబ్బు వంచి దోమల్నీ సాలెపురుగుల్నీ రెండింటినీ చూసి, ఆ తర్వాతే మందు సంగతి ఆలోచిస్తే ఎంత ఖర్చు మిగులుతుంది! మొదట్లో చెప్పిన పెడెరస్ కూడా పొలంలో ఉన్నంతసేపు దోమల్ని తినే పురుగే.

అదే వరిలో సాలెపురుగు చుట్టం ఒకటి నిజంగా దొంగతనం చేస్తోంది. కంకినల్లి. నల్లులూ ఎనిమిది కాళ్ల కుటుంబమే. మిల్లీమీటరులో నాలుగో వంతు, తెల్లగా, కంటికి ఆనదు. ఆకు తొడుగు లోపల కూచుంటుంది. దీని దవడలు కోరల్లా కాక సూదుల్లా మారిపోయాయి. కణాన్ని పొడిచి రసం తాగడానికి అంతకుమించి ఏమీ అక్కర్లేదు. కంకి బయటికి వచ్చేసరికి గింజలు గోధుమ రంగు మచ్చలతో, సగం తాలుగా ఉంటాయి. రైతు తెగులనుకుని తెగులు మందు కొడతాడు. మిరపలో, బెండలో ఆకుల కింద సన్నటి దారాలల్లే ఎర్రనల్లిదీ ఇదే సూది నోరు.

పొలం నుంచి ఇక కోరుట్లకు పోదాం. అక్కడ పశువైద్య కళాశాల ఉంది. అలాంటి చోట చదివే పిల్లలు సూక్ష్మదర్శిని కింద తప్పకుండా చూసే నోరు పిడుదుది, మన ఊళ్లలో గోమారి అంటాం. బర్రె చెవి కింద, పొదుగు పక్కన, తోక మొదట్లో పట్టుకుని ఆముదం గింజంత ఉబ్బి కనిపిస్తుంది. ఉబ్బినదంతా పొట్ట. నోరు చర్మంలో ఉంటుంది. పిడుదు దవడల కొసలు పళ్లున్న చిన్న కత్తులు. వాటితో చర్మాన్ని మెల్లగా కోసుకుంటూ పోతుంది. కోసిన చోట మధ్యలో ఒక మేకులాంటి అవయవం దించుతుంది. దాని నిండా వెనక్కు వంగిన ముళ్లు, లోపలికి పోవడం సులువు, బయటికి రావడం కష్టం. చాలా జాతులు చుట్టూ సిమెంటులాంటి జిగురు కూడా పోస్తాయి. మొద్దుబారేలా, రక్తం గడ్డకట్టకుండా చేసే ఉమ్మి వదులుతాయి, అందుకే పశువుకు పెద్దగా నొప్పి తెలియదు. రోజుల తరబడి తాగి రాలిపడ్డ ఆడ పిడుదు 2,000 నుంచి 3,000 దాకా గుడ్లు పెడుతుంది.

రక్తం పోవడం ఒక్కటే అయితే మేతతో సర్దుకోవచ్చు. ఆ ఉమ్మిలోనే జబ్బు ఎక్కుతుంది. కొట్టం గోడల పగుళ్లలో దాగే హయలోమా అనే పిడుదు థైలేరియా అనే జబ్బు క్రిమిని తెస్తుంది. పశువుకు ఎడతెగని జ్వరం, భుజం ముందు గడ్డ కట్టినట్టు వాపు, పాలు పడిపోవడం. సంకరజాతి ఆవులు దీనికి తొందరగా లొంగిపోతాయి. ఇంకో రకం పిడుదు బెబీసియా అనే క్రిమిని తెస్తుంది, అప్పుడు మూత్రం కాఫీ రంగులో పడుతుంది. పాడి మీద బతికే ఇంట్లో ఒక ఆవు పోతే ఏమవుతుందో నేను చెప్పనక్కర్లేదు. కిరోసిన్ పోయడం, బీడీ ముట్టించి కాల్చడం ఇప్పటికీ చూస్తుంటాం. దయచేసి ఆపండి. బెదిరిన పిడుదు పొట్టలోది గాయంలోకే కక్కవచ్చు. పట్టకారుతో చర్మానికి ఆనించి నోటి దగ్గర పట్టుకుని, తిప్పకుండా, నలపకుండా, తిన్నగా గుంజాలి. పట్టింది చాలా ఉంటే డాక్టరు చెప్పిన మందు ఒంటికీ పెట్టాలి, కొట్టం పగుళ్లకూ కొట్టాలి.

తేలు గురించి రెండు ముక్కలు. దాని ముందున్న పెద్ద పట్టకార్లు దవడలు కావు, అవి పట్టుకోవడానికే ఉన్న చేతులు. అసలు దవడలు ముఖం మీద చిన్న కత్తెర జతలా ఉంటాయి, వాటితో కొంచెం కొంచెంగా తుంచి తింటుంది. విషం నోట్లో లేదు, తోక కొండిలో ఉంది. మండ్రగబ్బ చూడడానికి ఎంత పెద్దదైనా, గుండెకు ప్రమాదం తెచ్చేది చిన్న ఎర్రతేలే. మహారాష్ట్రలోని మహాడ్‌లో డాక్టర్ హిమ్మత్‌రావు బావస్కర్ 1980ల్లో ప్రాజోసిన్ అనే బీపీ మందుతో ఎర్రతేలు కాటు చావుల్ని బాగా తగ్గించి చూపాడు. 2022లో ఆయనకు పద్మశ్రీ ఇచ్చారు. తేలు కుట్టి చెమటలు పట్టినా, వాంతులైనా మంత్రం కోసం కూచోకుండా దవాఖానకు పరుగెత్తాలి.

సిరిసిల్లలో సాలెపురుగును చూసే చూపు వేరేగా ఉంటుంది. పొద్దంతా సాంచాల (మరమగ్గాల) చప్పుడు మధ్య బతికే ఊరు, అగ్గిపెట్టెలో పట్టే చీర నేసిన ఊరు. దారం విలువ తెలిసినవాళ్లు. అక్కడా చాలామంది సాలెపురుగు నోట్లోంచి దారం తీస్తుందనే అనుకుంటారు. నోట్లోంచి తీసేది పట్టుపురుగు. సాలెపురుగు దారం పొట్ట కొసనున్న నాళాల్లోంచి వస్తుంది, వెనక కాళ్లతో లాగుతుంది. అయితే ఈ నియమానికి ఒక వింత మినహాయింపు ఉంది, అది మన ఇళ్లలోనే ఉండే రకం. స్కైటోడ్స్ అని దాని పేరు. మెల్లగా నడిచే చిన్న సాలెపురుగు, వీపు బోర్లించిన గిన్నెలా ఎత్తుగా ఉంటుంది. ఆ ఎత్తులో పెద్ద విషగ్రంథులు, వాటిలో విషంతో పాటు జిగురు. దోమ దగ్గరికి రాగానే రెండు కోరల్నీ అటూ ఇటూ ఊపుతూ జిగురు దారం ఉమ్ముతుంది. పడుగు మధ్య నాడె ఎట్లా ఎడమకూ కుడికీ దూకుతుందో ఈ దారం కూడా అట్లా వంకరటింకర గీతలుగా దోమ మీద పడి నేలకు కుట్టేస్తుంది. రెప్పపాటు కూడా పట్టదు.

సాంచాల షెడ్డులో పైకప్పు మూలల్ని చూస్తే మరో రకం కనిపిస్తుంది, వెంట్రుకల్లాంటి పొడుగు కాళ్లతో తలకిందులుగా వేలాడుతూ. ముట్టుకోబోతే ఒళ్లంతా గిరగిరా ఊపేస్తుంది. దీని విషం లోకంలో అన్నిటికన్నా ఘోరమని ఒక పుకారు ఉంది, అందులో నిజం లేదు. నేను చెప్పదలచింది ఇందులో ఆడదాని గురించి. ఒక్కోసారి అది నోట్లో గుండ్రటి మూట పట్టుకుని ఉంటుంది. దగ్గరగా చూస్తే లేత గులాబీ రంగు గుడ్లు, నాలుగు దారాలతో వదులుగా కట్టినవి. పిల్లలు బయటికి వచ్చేదాకా దాన్ని దవడల మధ్యే మోస్తుంది. విషపు కోరలున్న నోట్లో పెట్టుకుని, ఒక్క గుడ్డు కూడా పగలకుండా. మోస్తున్నన్నాళ్లూ దానికి తిండి దాదాపు లేనట్టే. చీపురు ఎత్తే ముందు ఆ మూట ఉందేమో ఒక్కసారి చూడమని బతిమాలుతున్నాను.

కోరలు చూడాలని ఉండి, బతికున్నదాన్ని పట్టుకోవడానికి భయమైతే ఒక మార్గం ఉంది. సాలెపురుగు పెరిగేకొద్దీ పాత తోలు విడుస్తుంది. గోడ మూలన, తలుపు వెనక, ఎనిమిది కాళ్లతో చచ్చిన సాలెపురుగులా వేలాడేది చాలాసార్లు ఆ కుబుసమే. కాళ్ల తొడుగులతో పాటు దవడలు, కోరలు కూడా అందులోనే వచ్చేస్తాయి. అప్పుడే విడిచిన సాలెపురుగు కొత్త కోరలు మెత్తగా, పాలిపోయి ఉంటాయి. అవి గట్టిపడి నల్లబడేదాకా అది వేట జోలికి పోదు. దొరికిన కుబుసాన్ని తెల్లకాగితం మీద బోర్లా కాక వెల్లకిలా పెట్టండి. గోడ మీద తిరిగే పెద్ద సాలెపురుగుదైతే మరీ మంచిది. పిల్లల్ని పిలిచి, ఫోను కెమెరాతో దగ్గరికి తెచ్చి పెద్దది చేసి చూపించండి. ముఖం వైపు నుంచి చూస్తే కళ్ల చోట ఎనిమిది పారదర్శక చుక్కలు కనిపిస్తాయి. వాటి కింద రెండు దవడలు, లోపలి అంచున పళ్ల వరుస, నల్లగా మెరిసే రెండు కోరలు. సూదితో మెల్లగా కోరను గాడిలోంచి పైకి లేపవచ్చు, తడి గుడ్డ మీద కాసేపు ఉంచితే విరగకుండా వస్తుంది. పది రెట్లు పెద్దగా చూపే భూతద్దం ఉంటే కోర కొసకు కాస్త వెనకగా వెతకండి. విషం దిగే ఆ రంధ్రం అక్కడ ఉంటుంది.